పచ్చని పాములన్నీ పసిరికలు కావు

వానలు మొదలై మల్బరీ తోటలు చిగురు వేసే రోజులలో సోమేనహళ్ళి, గుడిబండ, బాగేపల్లి పరిసర గ్రామాలలో తరచుగా వినవచ్చే కేక ఒకటి ఉన్నది. ఆకు కోయడానికి చేయి చాచినవారికి కొమ్మే కదిలినట్లు తోస్తుంది. తేరిపార చూస్తే అది కొమ్మ కాదు, పచ్చని పాము. తెలుగువారు దానిని పసిరిక పాము అంటారు. పక్క ఇంటి కన్నడిగులు హసిరు హావు అంటారు. కేక విని చేరినవారిలో ఒకరు కర్ర అందుకుంటారు. మరొకరు అది కళ్ళలో పొడుస్తుందని పిల్లలను దూరంగా తరుముతారు. ఇంకొకరు పచ్చపాముకు విషమే లేదని, చేతితో పట్టుకొని అవతల పారవేయవచ్చునని ధైర్యం చెబుతారు.

ఈ మూడు మాటలలో ఏ ఒక్కటీ సరైనది కాదు. తోటలో కనిపించిన ఆ సన్నని పాము సాధారణంగా మనిషికి హాని చేయనిదే. దానిని చంపవలసిన పని లేదు. అది కళ్ళలో పొడవదు. అయితే పచ్చపాములన్నింటికీ విషం లేదన్న మూడవ మాట అన్నింటికంటె ప్రమాదకరమైనది. మన తూర్పు కనుమలలోను, పడమటి కనుమలలోను చెట్ల మీద నివసించే పచ్చని విషసర్పాలు ఉన్నవి. కొడగు, చిక్కమగళూరు కాఫీ తోటలకు కూలి పనికి వెళ్ళేవారు, నల్లమల మీదుగా శ్రీశైలం యాత్రకు పోయేవారు, అడవులకు విహారయాత్రగా వెళ్ళే బడి పిల్లలు వాటిని ఎదుర్కొనే అవకాశం ఉన్నది. ఊరిలోని పసిరికను చూచి నేర్చుకొన్న ధైర్యం అడవిలో పనికిరాదు. అందుచేత ఈ రెండింటి భేదం ప్రతి కుటుంబమూ తెలుసుకొనదగినది.

గుళి మండలం అంటే ఏమిటి?

విషసర్పాలలో పింజరి కుటుంబం ఒకటి. నాగుపాము, కట్లపాముల కోరలు చిన్నవి, కదలనివి. పింజరి కోరలు పొడవైనవి. నోరు మూసినప్పుడు అవి చాకు మడిచినట్లు పై దవడకు ఆనుకొని ఉంటాయి. కాటు వేసే క్షణంలో ముందుకు లేచి నిలబడతాయి. వాటి లోపల వైద్యుని సూదిలో వలె సన్నని నాళం ఉంటుంది. విషం దాని గుండా లోతుగా దిగుతుంది.

ఈ కుటుంబంలో రెండు పెద్ద శాఖలు ఉన్నవి. మన మెట్ట పొలాలలో తిరిగే రక్తపింజరి మొదటి శాఖకు చెందినది. రెండవ శాఖ పాములకు కంటికీ ముక్కురంధ్రానికీ నడుమ, ముఖానికి ఇరువైపులా, ఒక్కొక్క గుంట ఉంటుంది. దూరం నుండి చూచినవారికి నాలుగు ముక్కురంధ్రాలు ఉన్నట్లు భ్రమ కలుగుతుంది. కన్నడంలో గుంటను గుళి అని, పింజరిని మండల అని అంటారు. కనుక ఈ శాఖకు అక్కడ గుళి మండల అనే పేరు వచ్చినది. తెలుగులో గుంట పింజరి అంటే సరిపోతుంది.

గుంట పింజరులన్నీ చెట్లెక్కేవి కావు. అమెరికాలో తోకతో గలగల శబ్దం చేసే గిలక పాము ఈ శాఖదే అయినా అది నేల మీద ఉంటుంది. ఉష్ణమండలపు వాన అడవులలో, వెదురు పొదలలో, కాఫీ తోటలలో ఉండే కొన్ని జాతులు మాత్రం చెట్టును ఇల్లు చేసుకొన్నవి. వాటిలో మన ప్రాంతానికి దగ్గరి బంధువు బిదిరు మండల. తెలుగు వకారం ఉన్నచోట కన్నడంలో బకారం రావడం సరిహద్దు గ్రామాల పిల్లలకు కూడా తెలిసిన సంగతే. మన వేరు వారికి బేరు, మన వెల వారికి బెలె, మన వెదురు వారికి బిదిరు. అందువలన దీనిని వెదురు పింజరి అని చెప్పుకొనవచ్చును.

విశాఖపట్నంలో దొరికిన పాము

వెదురు పింజరి శాస్త్రలోకానికి తెలిసినది తెలుగునేల మీదనే. పాట్రిక్ రస్సెల్ అనే స్కాట్లండు వైద్యుడు 18వ శతాబ్దం చివరి భాగంలో విశాఖపట్నం చేరినాడు. ఆయన సోదరుడు అక్కడ ఈస్టిండియా కంపెనీ అధికారి. కంపెనీ ఆయనకు ప్రకృతి పరిశోధకుని పదవి ఇచ్చినది. ఏ పాము విషపుది, ఏది కాదు అని సామాన్యులకు తెలియక ప్రాణాలు పోవడం చూచి, ఆయన పాములను సేకరించి, బొమ్మలు వేయించి, కోళ్ళ మీద, కుక్కల మీద విషాన్ని పరీక్షించి, ఫలితాలు వ్రాసిపెట్టినాడు. ఆ గ్రంథం 1796లో లండనులో అచ్చయినది.

రస్సెల్ చేసిన మేలు మరొకటి ఉన్నది. స్థానికులు చెప్పిన తెలుగు పేర్లనే ఇంగ్లీషు అక్షరాలలో వ్రాసుకొన్నాడు. ఆ గ్రంథంలోని 9వ చిత్రపటంలో ఉన్న పచ్చని పాముకు ఆయన వ్రాసిన పేరు బొద్రు పాము. ఆ చిత్రాన్ని, వర్ణనను ఆధారం చేసుకొనే 1802లో జార్జ్ షా అనే ఆంగ్ల శాస్త్రవేత్త దానికి గ్రామినియస్ అనే లాటిన్ పేరు పెట్టినాడు. గడ్డి వంటిది అని ఆ మాటకు అర్థం. నేటికీ శాస్త్ర గ్రంథాలలో వెదురు పింజరి పేరులో ఆ మాట నిలిచి ఉన్నది.

తెలుగు మాటలు శాస్త్రంలోకి ఎక్కిన సందర్భం ఇదొక్కటే కాదు. రస్సెల్ వ్రాసుకొన్న బంగారు పాము అనే పేరు నుండే కట్లపాముల ప్రజాతికి బంగారస్ అనే శాస్త్రీయ నామం వచ్చినది. కటుక రేకుల పొడ అని ఆయన వ్రాసుకొన్న పామును నేడు ప్రపంచమంతా రస్సెల్ పింజరి అని పిలుస్తున్నది. మన రక్తపింజరి అదే. ఆ పొడ అనే మాట పొడపాము అనే పేరులో ఇప్పటికీ పల్లెలలో వినబడుతూనే ఉన్నది.

వెదురు పింజరి చరిత్ర అంతటితో ముగియలేదు. దక్షిణ భారతంలోని గుంట పింజరులను బెంగళూరులోని భారతీయ విజ్ఞాన సంస్థకు చెందిన పరిశోధకులు, ఇతర సంస్థలవారితో కలసి, జన్యు పరీక్షల ద్వారా పరిశీలించి 2021లో ఫలితాలు ప్రకటించినారు. ఇంతకాలం ఒకే జాతిగా లెక్కించినవి కొన్ని వేరువేరు జాతులని తేలినది. పడమటి కనుమల దక్షిణ భాగంలోని వెదురు పింజరి, రస్సెల్ చూచిన తూర్పు తీరపు వెదురు పింజరి ఒకటి కావని అందులో స్పష్టమయినది. రెండు వందల ఏళ్ళుగా పేరున్న పాము గురించి కూడా తెలుసుకొనవలసినది ఇంకా మిగిలి ఉన్నదని దీనివలన అర్థమవుతుంది.

చీకటిలో చూచే గుంట

ముఖం మీది గుంట ఎందుకు? పొయ్యి దగ్గర కళ్ళు మూసుకొని కూర్చున్నా మంట ఏ పక్కన ఉన్నదో చెంపకు తెలుస్తుంది. వేడి వస్తువు నుండి కంటికి కనిపించని కిరణాలు వెలువడుతూ ఉంటాయి. మన చర్మం ఆ వేడిని మోటుగా మాత్రమే పసికడుతుంది. గుంట పింజరి దానినే అతి సూక్ష్మంగా గుర్తిస్తుంది.

గుంట లోపల ఉల్లిపొర కంటె పలుచని పొర ఒకటి అడ్డంగా బిగించి ఉంటుంది. దానికి ముందు, వెనుక గాలి ఉంటుంది. పొర అంతటా నరాల కొసలు అల్లుకొని ఉంటాయి. ఎలుక గాని, పక్షి గాని, మనిషి చేయి గాని దగ్గరకు వస్తే ఆ వేడికి పొర ఉష్ణోగ్రతలో స్వల్పమైన మార్పు కలుగుతుంది. నరాలు వెంటనే మెదడుకు సంకేతం పంపుతాయి. గుంటలు రెండు ఉండడం వలన వేడి ఏ దిక్కున ఉన్నదో పాముకు తెలుస్తుంది. కంటితో చూచిన దృశ్యం, గుంటతో పసికట్టిన వేడి మెదడులో ఒకేచోట కలుస్తాయి. పగలు చూపు, రాత్రి వేడి అన్నట్లు కాక, రెండూ కలిసిన ఒకే చిత్రం దానికి లభిస్తుంది.

ఈ నరాలలో వేడిని పట్టే అణువు ఏదో 2010లో అమెరికాలోని డేవిడ్ జూలియస్ బృందం కనుగొన్నది. అది పాములకు మాత్రమే ఉన్న వింత వస్తువు కాదు. మన శరీరంలోనూ ఆ రకపు అణువు ఉన్నది. ఆవపిండి ఘాటు ముక్కుకు ఎక్కినప్పుడు మంట పుట్టించేది అదే. మనలో ఘాటును చెప్పే అణువు గుంట పింజరిలో వేడిని చెప్పే పనికి మారినది. ఉష్ణాన్ని శరీరం ఎట్లా గ్రహిస్తుందో వివరించినందుకు జూలియస్ 2021లో మరొక శాస్త్రవేత్తతో కలసి నోబెల్ బహుమతి అందుకొన్నాడు.

ఈ శాస్త్రంలో గృహస్థులు గుర్తుంచుకొనవలసిన సంగతి ఒకటి ఉన్నది. చీకటిలో చప్పుడు చేయకుండా చాచిన చేయి పాముకు కనబడదని అనుకొనరాదు. చీకటిలో వెచ్చని చేయి గుంట పింజరికి వెలిగించిన దీపం వంటిది. అడవి ప్రాంతంలో రాత్రివేళ కొమ్మలు, ఆకుల గుబుర్లు, కట్టెల మోపులు చేతితో తడిమి చూడరాదని చెప్పేది ఇందుకే.

చెట్టు మీది కాపురం

వెదురు పింజరి పెద్ద పాము కాదు. పొడవు రెండున్నర అడుగులు మించడం అరుదు. వీపు ఆకుపచ్చగా, పొట్ట లేతగా ఉంటుంది. తల వెడల్పుగా, మెడ సన్నగా కనిపిస్తుంది. తోక కొసను కొమ్మకు చుట్టుకొని, మిగిలిన శరీరాన్ని గాలిలోకి చాచగలదు. కాటు వేసినప్పుడు తోకే దానికి పట్టుకొమ్మ.

దాని బ్రతుకంతా ఓర్పు మీద నడుస్తుంది. వెంటాడి వేటాడే పాము అది కాదు. వాగు పక్క పొద మీద, వెదురు కణుపు మీద గంటల తరబడి కదలకుండా పడి ఉంటుంది. కప్ప, బల్లి, చిన్న పక్షి, చిట్టెలుక దగ్గరకు రాగానే కాటు వేస్తుంది. సాధారణంగా రాత్రివేళనే చురుకుగా ఉంటుంది. మనుషుల అలికిడి విని పారిపోయే అలవాటు దానికి తక్కువ. తన పచ్చదనాన్ని నమ్ముకొని ఉన్నచోటనే ఉండిపోతుంది. ప్రమాదానికి మూలం ఇదే. అది మనిషి మీదికి రాదు, మనిషే తెలియక దాని మీద చేయి వేస్తాడు. అందుకే ఈ పాముల కాట్లు చేతి వేళ్ళ మీద, ముంజేతి మీద, కొన్నిసార్లు ముఖం మీద కూడా పడుతుంటాయి.

వెదురు పింజరి గుడ్లు పెట్టదు. గుడ్లు తల్లి కడుపులోనే పొదగబడి పిల్లలు బయటకు వస్తాయి. పుట్టిన పిల్లకు కూడా కోరలు, విషం ఉంటాయి. చిన్న పిల్ల కదా అని చేతిలోకి తీసుకొనడం తగదు.

ఏ అడవిలో ఏ పింజరి?

తూర్పు కనుమలలో విశాఖ మన్యం, నల్లమల వంటి అడవులు వెదురు పింజరికి నెలవులు. పడమటి కనుమలలో వీటి వైవిధ్యం ఎక్కువ. అక్కడి మలబారు గుంట పింజరి ఆకుపచ్చగా మాత్రమే ఉండదు. పసుపు, గోధుమ, ఇటుక రంగులలో కూడా కనిపిస్తుంది. వానాకాలంలో వాగుల పక్క రాళ్ళ మీద, కాఫీ కొమ్మల మీద దర్శనమిస్తుంది. రంగును మాత్రమే నమ్ముకొన్నవారు దీని దగ్గర పొరపడతారు. ఇంకొంచెం దక్షిణాన ఆనైమలై కొండలలో, తేయాకు తోటలలో పెద్ద పొలుసుల గుంట పింజరి ఉన్నది. అదే కనుమలలో రాలిన ఆకుల నడుమ నేల మీద ఉండే మూపురపు ముక్కు పింజరి కూడా ఈ శాఖదే. అది జానెడు, రెండు జానల పాము అయినా దాని కాటు చిన్నది కాదు.

ఈశాన్య భారతంలో పచ్చ పింజరుల జాతులు మరికొన్ని ఉన్నవి. అరుణాచల్ ప్రదేశ్ అడవులలో 2020లో కూడా ఒక కొత్త జాతి వెలుగు చూచినది. మలేసియాలోని పెనాంగు దీవిలో పాముల గుడి అని పేరు పొందిన చీనీయుల ఆలయం ఒకటి ఉన్నది. అక్కడ కొమ్మలకు చుట్టుకొని కనిపించేవి చెట్టు మీది గుంట పింజరులే. సముద్రాలకు ఆవల మధ్య అమెరికా అడవులలో కనురెప్పల పింజరి ఉన్నది. కంటి పైన ముళ్ళ వలె లేచిన పొలుసులు ఉండడం వలన దానికి ఆ పేరు వచ్చినది. ఖండాలు వేరైనా చెట్టు మీది బ్రతుకు ఒకటే కనుక వీటి శరీరాలు ఒకే తీరుగా తయారైనవి.

పసిరికను గుర్తించడం ఎట్లా?

మన మల్బరీ తోటలో, వేలి కంచె మీద, చింతచెట్టు కింది పొదలలో కనిపించే పసిరిక కొరడా వలె సన్నగా, పొడవుగా ఉంటుంది. నాలుగడుగుల పాము కూడా చిటికెన వేలి లావున మాత్రమే ఉండవచ్చును. తల కోలగా ఉండి ముక్కు కొస సూదిగా ముందుకు సాగి ఉంటుంది. పగటివేళ చురుకుగా కొమ్మ నుండి కొమ్మకు జారిపోతుంది. బెదిరినప్పుడు శరీరాన్ని ఉబ్బించగా పొలుసుల నడుమ నలుపు తెలుపు చారలు బయటపడతాయి. కంటిపాప అడ్డంగా ఉంటుంది. దాని నోటిలో వెనుక భాగాన ఉండే చిన్న కోరలలో బల్లులను లొంగదీసే పాటి విషం ఉన్నది గాని, మనిషికి దానివలన ప్రాణాపాయం లేదు.

గుంట పింజరి తీరు వేరు. పొడవు తక్కువ, లావు ఎక్కువ. తల వెడల్పుగా, మెడ నుండి స్పష్టంగా విడివడి ఉంటుంది. ముక్కు మొద్దుగా ఉంటుంది. కంటిపాప పిల్లికంటి వలె నిలువుగా చీలి ఉంటుంది. పగటివేళ చుట్టుకొని కదలక పడి ఉంటుంది.

నేల మీద తిరిగే పచ్చని పాము మరొకటి కూడా ఈ ప్రాంతంలో ఉన్నది. అది కప్పలను తినే పాము. బెదిరినప్పుడు మెడను చదునుగా విప్పడం వలన నాగుపాము పిల్ల అనో, పింజరి అనో భ్రమపడి దానిని చంపుతూ ఉంటారు.

ఇక కళ్ళలో పొడిచే మాట. పసిరిక కొమ్మల మీద మనిషి ముఖమంత ఎత్తున ఉంటుంది. అకస్మాత్తుగా ముఖం దగ్గరకు వచ్చినవారి వైపు అది తల విసరవచ్చును. సూది ముక్కు కూడా తోడు కావడంతో ఈ నమ్మకం పుట్టి ఉంటుంది. ఇది మన పల్లెల నమ్మకం మాత్రమే కాదు. పసిరికల ప్రజాతికి శాస్త్రవేత్తలు పెట్టిన అహైతుల్లా అనే పేరు సింహళ భాష నుండి వచ్చినది. ఆ మాటకు కన్ను పొడిచేది అనే అర్థం. నమ్మకం సముద్రం దాటినా, పాము వెదకి వెదకి కళ్ళను పొడవడం మాత్రం నిజం కాదు.

ఈ లక్షణాలన్నీ దూరం నుండి చూచి తెలుసుకొనడానికి ఉద్దేశించినవి. కంటిపాప అడ్డమా, నిలువా అని చూడడానికి దగ్గరకు పోవడం వివేకం కాదు. సందేహం కలిగితే రెండడుగులు వెనుకకు వేయడమే సరైన పరీక్ష.

కాటు పడితే

వెదురు పింజరి కాటు వలన మరణాలు అరుదు. అయితే బాధ తక్కువ కాదు. కాటు పడిన చోట తీవ్రమైన నొప్పి, త్వరగా పెరిగే వాపు, కొందరికి బొబ్బలు వస్తాయి. కొన్ని గుంట పింజరుల విషం రక్తం గడ్డకట్టే గుణాన్ని దెబ్బతీస్తుంది. కేరళ వైద్యులు మూపురపు ముక్కు పింజరి కాటు వలన రక్తస్రావము, మూత్రపిండాల వైఫల్యము కలిగిన రోగులను గురించి 2007లో ప్రకటించినారు. అంతకు ముందు ఆ పాము కాటును ప్రాణాపాయమైనదిగా ఎక్కువమంది భావించలేదు.

ఇక్కడ కుటుంబాలు గ్రహించవలసిన ముఖ్యమైన విషయం ఉన్నది. భారతదేశంలో తయారయ్యే సాధారణ పాము విషపు విరుగుడు మందు నాలుగు పాముల విషంతో తయారు చేసినది. అవి నాగుపాము, కట్లపాము, రక్తపింజరి, రంపపు పొలుసుల చిన్న పింజరి. ఆ విషాన్ని కొద్దికొద్దిగా గుర్రాలకు ఎక్కించి, వాటి రక్తంలో పుట్టిన విరుగుడును వేరు చేస్తారు. గుంట పింజరి విషం ఆ నాలుగింటిలో లేదు. కనుక ఆ మందు గుంట పింజరి కాటుకు పనిచేస్తుందని నమ్మడానికి వీలు లేదు. థాయిలాండులో పచ్చ పింజరుల కాట్లు ఎక్కువ కావడం వలన అక్కడి రెడ్ క్రాస్ సంస్థ వాటికి ప్రత్యేకంగా మందు తయారు చేస్తున్నది. మన దేశంలో అటువంటి మందు అందుబాటులో లేదు.

మందు లేనప్పుడు ఆసుపత్రికి పోయి ప్రయోజనమేమి అని కొందరు అడుగుతారు. ప్రయోజనం చాలా ఉన్నది. మొదటిది, కరిచినది గుంట పింజరి అని ఇంటివారు అనుకొన్నది తప్పు కావచ్చును. చీకటిలో కరిచినది రక్తపింజరి అయితే విరుగుడు మందే ప్రాణం నిలుపుతుంది. రెండవది, వైద్యులు రక్తాన్ని గాజు నాళికలో 20 నిమిషాలు కదలకుండా ఉంచి గడ్డకట్టినదా లేదా చూస్తారు. దానినిబట్టి విషం రక్తంలో చేరినదో లేదో తెలుస్తుంది. మూడవది, నొప్పి, వాపు, రక్తస్రావం, మూత్రపిండాల పని, ఇవన్నీ గమనిస్తూ తగిన చికిత్స చేయగలరు. ఏ పాము అన్న సంగతి తెలిసినంత చెప్పడం, తెలియనిది ఊహించి చెప్పకుండా ఉండడం ఇంటివారి బాధ్యత.

కాటు పడిన వెంటనే చేయవలసినవి కొద్ది పనులే. రోగిని పాము నుండి దూరంగా తీసుకొనిపోయి కూర్చుండబెట్టి ధైర్యం చెప్పాలి. వాపు రాకముందే ఉంగరాలు, గాజులు, మెట్టెలు, గడియారం తీసివేయాలి. కాటు పడిన చేతికి గాని, కాలికి గాని విరిగిన ఎముకకు కట్టినట్లు బద్దలు ఆనించి, బిగించకుండా వదులుగా గుడ్డ కట్టి, కదలకుండా చూడాలి. కాటు పడిన సమయం గుర్తుంచుకొనాలి. 108 అంబులెన్సును పిలవాలి. అది ఆలస్యమయ్యేటట్లుంటే దొరికిన వాహనంలో, రోగిని నడిపించకుండా, విరుగుడు మందు ఉన్న తాలూకా ఆసుపత్రికి గాని, జిల్లా ఆసుపత్రికి గాని తీసుకొనిపోవాలి.

చేయరానివి ఇంతకంటె ఎక్కువ. గాయానికి పైన తాడుతో గట్టిగా బిగించరాదు. పింజరి కాటులో అట్లా బిగిస్తే విషం ఒకేచోట నిలిచి కండ కుళ్ళిపోయే ప్రమాదం ఉన్నది. బ్లేడుతో కోయరాదు. నోటితో పీల్చరాదు. మంచుగడ్డలు పెట్టరాదు. పసరు పూయడం, మంత్రం వేయించడం కోసం గంటలు పోగొట్టరాదు. విషం ఎక్కని పాము కరిచినప్పుడు మంత్రం ఫలించినట్లు కనిపిస్తుంది. ఆ నమ్మకమే నిజంగా విషం ఎక్కిన రోజున ప్రాణం తీస్తుంది. పామును వెదకి చంపి ఆసుపత్రికి తేవలసిన అవసరం కూడా లేదు. ఆ ప్రయత్నంలో రెండవ మనిషి కాటు పడిన సంఘటనలు ఉన్నవి. సురక్షితమైన దూరం నుండి సెల్ ఫోనుతో ఒక చిత్రం తీయగలిగితే చాలు.

మన పొలాల అసలు ప్రమాదం

చెట్టు మీది పింజరిని గురించి తెలుసుకొంటూనే కాలి కింది పింజరిని మరువరాదు. గుడిబండ, బాగేపల్లి, చింతామణి మెట్ట పొలాలలో మనిషి ప్రాణానికి ముప్పు తెచ్చేవి పైన చెప్పిన ఆ నాలుగే. కన్నడంలో కొళకుమండల అనే రక్తపింజరి వేరుశనగ చేలలో, రాగి మోపుల కింద ఎలుకల కోసం చేరుతుంది. గరగస మండల అనే చిన్న పింజరి రాళ్ళ గుట్టల మీద ఉంటుంది. కట్లపాము రాత్రివేళ ఇంటిలోకి వచ్చి నేల మీద పడుకొన్నవారిని కరుస్తుంది. దాని కాటుకు నొప్పి గాని వాపు గాని అంతగా ఉండదు కనుక తెల్లవారే దాకా గుర్తించని సందర్భాలు ఉన్నవి.

భారతదేశంలో 2000 నుండి 2019 వరకు పాముకాటు వలన సుమారు 12 లక్షల మంది మరణించినట్లు 2020లో ప్రకటితమైన ఒక అధ్యయనం అంచనా వేసినది. అంటే ఏటా సగటున 58 వేల మంది. మరణాలు ఎక్కువగా ఉన్న రాష్ట్రాలలో తెలంగాణతో కలిసిన ఆంధ్రప్రదేశ్ ఒకటి. మరణాలలో సగం జూన్ నుండి సెప్టెంబరు వరకు, వ్యవసాయపు పనులు ముమ్మరంగా సాగే వానాకాలంలోనే జరిగినవి. చాలామంది ఆసుపత్రిలో కాక ఇంటిదగ్గరనే మరణించినారు. మందు లేక పోయిన ప్రాణాలకంటె మందు దాకా చేరక పోయిన ప్రాణాలే ఎక్కువ అని దీని సారాంశం.

ప్రపంచ ఆరోగ్య సంస్థ 2017లో పాముకాటును నిర్లక్ష్యానికి గురైన ఉష్ణమండల వ్యాధుల జాబితాలో చేర్చినది. కర్ణాటక ప్రభుత్వం 2024 ఫిబ్రవరిలో పాముకాటును తప్పనిసరిగా నమోదు చేయవలసిన వ్యాధిగా ప్రకటించినది. ప్రతి కాటు, ప్రతి మరణం లెక్కలోకి వస్తే ఏ ఆసుపత్రికి ఎంత మందు కావాలో ముందుగా తెలుస్తుంది. అదే ఏడాది మార్చిలో కేంద్ర ప్రభుత్వం 2030 నాటికి పాముకాటు మరణాలను సగానికి తగ్గించే జాతీయ ప్రణాళికను ప్రారంభించినది.

ఇంటి స్థాయిలో చేయగలిగినవి ఖర్చులేని పనులు. రాత్రి బయటకు వెళ్ళేటప్పుడు టార్చిలైటు, కాళ్ళకు చెప్పులు ఉండాలి. నేల మీద కాక మంచం మీద, దోమతెర చెక్కి పడుకొనడం మంచిది. కట్టెలు, మేతమోపులు ఎత్తే ముందు కర్రతో కదిలించాలి. మల్బరీ కోసేవారు కొమ్మను ముందుగా ఒకసారి తట్టి, చూచి, తరువాత చేయి చాచాలి. కాఫీ తోటలకు పోయేవారు మోచేతి దాకా వచ్చే దళసరి తొడుగులు వాడితే చేతుల మీది కాట్లు చాలా వరకు తప్పుతాయి.

చంపడం పరిష్కారం కాదు

పచ్చపాము కనబడగానే కర్ర ఎత్తే అలవాటు వలన ముందుగా చనిపోయేది హాని లేని పసిరికే. ఊరి దగ్గర ఉండేది అదే కనుక. అసలు పింజరి ఆకులలో కదలకుండా ఉండి ఎవరి కంటా పడదు. పాములు తగ్గితే ఎలుకలు పెరుగుతాయి. ఎలుకలు పెరిగితే వాటిని వెదకుతూ రక్తపింజరి ఇంటి ముంగిటకే వస్తుంది. పాములను చంపడం, పట్టి ఆడించడం 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం దృష్టిలో కూడా అపరాధమే. ఇంటిలోకి పాము వచ్చినప్పుడు అటవీ శాఖవారికి తెలియజేయడం ఉచితం.

పిల్లలకు నేర్పవలసిన పాఠం రెండు మాటలలో ఉన్నది. పచ్చపామును కొట్టవద్దు, పట్టుకొనవద్దు. అది పసిరిక అయితే దాని దారిన అది పోతుంది. పింజరి అయితే మన దారిన మనం పోవాలి. కాటు పడినదంటే మాత్రం పేరు తేలేదాకా ఆగకుండా ఆసుపత్రి దారి పట్టాలి.